టామీ కీన్: పక్కన నిలబడి గిటార్ వాయించిన ఏళ్లు అతని పాటలకు మేలు చేశాయా, చేటు చేశాయా?

నల్లడిస్క్:

పవర్ పాప్ (తేలిగ్గా నోటికొచ్చే ట్యూన్, గట్టి గిటార్ కలిసిన రాక్) గురించి మాట్లాడుకుంటుంటే మొన్న ఇక్కడే ఒకరు, "టామీ కీన్‌ది నిండైన కెరీర్. సొంత పాటలు రాసుకున్నాడు, పెద్దవాళ్ల పక్కన గిటార్ కూడా వాయించాడు" అన్నారు. నాకు ఆ మాట మింగుడుపడలేదు. విడిగా చర్చిస్తే బాగుంటుందని ఇక్కడ పెడుతున్నాను.

కీన్ పేరు విననివాళ్ల కోసం కాస్త వివరం. 1958లో ఇల్లినాయ్‌లో పుట్టాడు, మేరీలాండ్‌లోని బెథెస్డాలో పెరిగాడు. వాషింగ్టన్ డీసీలో ది ర్యాజ్ అనే బ్యాండ్‌లో గిటారిస్టు. తర్వాత సొంతంగా పాడటం మొదలుపెట్టాడు. బీటిల్స్, ది హూ, బిగ్ స్టార్ పాటలు ఒంటబట్టించుకున్న మనిషి. ట్యూన్ ఒక్కసారి వింటే నోట్లో ఆడుతూనే ఉంటుంది, గిటార్ మాత్రం గట్టిగా మోగుతుంది, లోపల ఒక దిగులు ఉంటుంది. 1984లో డాల్ఫిన్ అనే చిన్న కంపెనీ 'ప్లేసెస్ దట్ ఆర్ గాన్' అనే ఈపీ (ఆల్బమ్ కన్నా తక్కువ పాటలుండే రికార్డు) వేసింది. ఆ ఏడాది విలేజ్ వాయిస్ పత్రిక విమర్శకుల ఓటింగ్‌లో ఈపీల జాబితాలో మొదటి స్థానం దానిదే. దాంతో గెఫెన్ కంపెనీ పిలిచింది. 1986లో ఒక ఆల్బమ్, 1989లో ఇంకొకటి వచ్చాయి. అమ్మకాలు వాళ్లు ఆశించినంత లేవు, వదిలేశారు.

నా బాధ అక్కడి నుంచి మొదలవుతుంది. తొంభైల్లో వెల్వెట్ క్రష్ బ్యాండ్‌తో తిరిగాడు. 1996లో ది రీప్లేస్‌మెంట్స్ బ్యాండ్ గాయకుడు పాల్ వెస్టర్‌బర్గ్ సొంత టూర్‌లో గిటార్ వాయించాడు. 2006లో గైడెడ్ బై వాయిసెస్ బ్యాండ్ గాయకుడు రాబర్ట్ పొలార్డ్ సొంత బ్యాండ్‌లో చేరాడు. అలాంటి పాటలు రాయగలిగినవాడు ఇంకొకరి పాటలు నేర్చుకుని, ఇంకొకరి పేరున్న పోస్టర్ కింద, ఇంకొకరి అభిమానుల ముందు నిలబడ్డాడు. సొంత పేరు మీద ఊరూరా తిరిగి తన శ్రోతల్ని పెంచుకోవలసిన ఏళ్లు అవి. 2017 నవంబర్ 22న లాస్ ఏంజెలెస్‌లో 59 ఏళ్లకే పోయాడు. ఇన్ని ఏళ్లు పక్కవాళ్లకి ఇచ్చి ఉండకూడదని నేను గట్టిగా నమ్ముతాను.

మేరీలాండ్ తెలుగు:

నల్లడిస్క్ గారూ, మీ బాధ అర్థమైంది కానీ తేదీలు మీ వాదనకి అడ్డం వస్తున్నాయి. అతని పూర్తి ఆల్బమ్‌లు వరుసలో పెట్టి చూడండి. 1982, 1986, 1989, 1996, 1998, 2002, 2006, 2009, 2011, 2013, 2015. అన్నిటికన్నా పెద్ద ఖాళీ ఎక్కడుంది? 1989కీ 1996కీ మధ్య, ఏడేళ్లు. దానికి కారణం పక్కన గిటార్ వాయించడం కాదు, గెఫెన్ కంపెనీ అతన్ని వదిలేయడం. ఆ మధ్యలో 1992లో ఒక ఈపీ మాత్రం వచ్చింది.

అసలు విషయం ఆ తర్వాత ఉంది. మీరు నష్టం అంటున్న వెస్టర్‌బర్గ్ టూర్ జరిగిన 1996లోనే మెటడోర్ కంపెనీ నుంచి 'టెన్ ఇయర్స్ ఆఫ్టర్' వచ్చింది, రెండేళ్లకి 'ఐసొలేషన్ పార్టీ' వచ్చింది. పొలార్డ్ బ్యాండ్‌లో చేరిన 2006లోనే 'క్రాషింగ్ ది ఈథర్' వచ్చింది. అక్కడి నుంచి ప్రతి రెండు మూడేళ్లకి ఒక ఆల్బమ్. జీవితంలో అంత క్రమంగా ఎప్పుడూ పని చేయలేదు. వేరేవాళ్ల పని అతని సమయం తినేస్తే ఇది ఎలా సాధ్యం?

ఇంకో సంగతి. అతను మొదటి నుంచీ రెండు పనులూ చేసినవాడే. ది ర్యాజ్ తర్వాత న్యూయార్క్‌లో సుజాన్ ఫెలీని బ్యాండ్‌లో గిటార్ వాయించాడు. అప్పటికి గెఫెన్ లేదు, ఈపీ లేదు. కాబట్టి ఓడిపోయి పక్కకి జరిగాడు అనే కథ సరిపోదు.

లెక్కల మాస్టారు:

ఇద్దరూ డబ్బు ఊసెత్తలేదు. ఇలాంటి కెరీర్ గురించి మాట్లాడేటప్పుడు ముందు చూడవలసింది అదే.

అమెరికాలో పాట రాసినవాడికి ప్రతి కాపీ మీదా చట్టం చెప్పిన రేటు ఉంటుంది. 1986లో అది పాటకి 5 సెంట్లు. 2006 నుంచి చాలా ఏళ్లు 9.1 సెంట్లు. ఒక ఉదాహరణ వేస్తాను. పది పాటల ఆల్బమ్ పది వేల కాపీలు అమ్ముడైందనుకోండి. పాటలన్నీ తనవే, ప్రచురణ హక్కులూ తన దగ్గరే. అప్పుడు ఈ లెక్క కింద వచ్చేది 9,100 డాలర్లు. రెండేళ్ల కష్టానికి! ఇది పూర్తి రేటు. చాలా ఒప్పందాల్లో గాయకుడే రాసుకున్న పాటలకి ముప్పావు రేటే ఇస్తారు. ఇక గాయకుడిగా వచ్చే రాయల్టీలోంచి రికార్డింగ్ ఖర్చు, అడ్వాన్సు అన్నీ తీరేదాకా చేతికి పైసా రాదు. పెద్ద కంపెనీల మామూలు పద్ధతి ఇది.

1986 ఆల్బమ్‌కి ఏం జరిగిందో చూడండి. ముందు టి-బోన్ బర్నెట్, డాన్ డిక్సన్ అనే రికార్డు నిర్మాతలతో చేశారు. కంపెనీకి నచ్చలేదు, పక్కన పెట్టారు. మళ్లీ మొదటి నుంచి, బీటిల్స్ దగ్గర ఇంజనీర్‌గా పనిచేసిన జెఫ్ ఎమెరిక్‌తో, మోంట్‌సెరాట్ దీవిలోని ఎయిర్ స్టూడియోలో చేశారు. దీవికి వెళ్లి చేసే రికార్డింగ్ చౌక కాదు. ఆ ఆల్బమ్ అమెరికా ఆల్బమ్‌ల జాబితా బిల్‌బోర్డ్ 200లో 148వ స్థానం దాకా వెళ్లి ఆగింది. ఇంత ఖర్చు తీరాలంటే ఎన్ని కాపీలు అమ్మాలో ఊహించుకోండి.

టూర్‌లో గిటారిస్టుకి వారానికో షోకో జీతం ఉంటుంది. ఆల్బమ్ అమ్మినా అమ్మకపోయినా వస్తుంది. ఆ జీతం ఇంటి అద్దె కడుతుంది, ఆ ఇంట్లో కూర్చుని రాసినవే 2009 తర్వాతి పాటలు. అందుకే మేలే జరిగింది అంటాను.

నల్లడిస్క్:

మాస్టారూ, లెక్క బాగుంది. కానీ అదే లెక్కలో ఇంకో సగం ఉంది, అది నా వైపు మాట్లాడుతుంది. గూ గూ డాల్స్ అనే రాక్ బ్యాండ్ 1998 ఆల్బమ్ 'డిజీ అప్ ది గర్ల్' అమెరికాలో మిలియన్ల కాపీలు అమ్ముడైంది. అందులో 'బ్రాడ్‌వే' పాటలో గిటార్ కీన్ వాయించాడు. ఆ పాట రేడియోలో తెగ మోగింది. అమెరికాలో మామూలు రేడియో స్టేషన్లు పాట రాసినవాళ్లకి, ప్రచురణకర్తకి డబ్బు కడతాయి. పాడినవాళ్లకీ వాయించినవాళ్లకీ ఏమీ కట్టవు. శాటిలైట్ రేడియో, ఇంటర్నెట్ రేడియో కడతాయి కానీ అందులో సగం రికార్డింగ్ హక్కుదారుకి, 45 శాతం ముఖ్య కళాకారుడికి పోగా, మిగతా వాయిద్యకారులూ కోరస్ వాళ్లూ అందరూ కలిసి పంచుకునేది 5 శాతం. అతని వేళ్లు మోగించిన తీగ లక్షల ఇళ్లలో వినిపించింది, అది అతని ఖాతాలో కనిపించదు. జీతం ఆ నెలకే. సొంత పాట ఒకటి తగిలి ఉంటే జీవితాంతం తిండి పెట్టేది.

తేదీల గురించి మేరీలాండ్ గారికి: ఎన్ని ఆల్బమ్‌లు వచ్చాయన్నది ఒక్కటే కొలత కాదండి. ఆ ఆల్బమ్‌లు ఎంతమంది దగ్గరికి చేరాయి? గిటారిస్టుగా ఎన్ని ఊళ్లు తిరిగినా, ఆ సాయంత్రం జనం ఇంటికి పాడుకుంటూ వెళ్లేది వెస్టర్‌బర్గ్ పాటే.

తంబుర:

నేను రాక్ పెద్దగా వినను, కర్ణాటక సంగీతం వింటాను. అందుకే ఈ చర్చ నాకు వింతగా ఉంది. ద్వారం వెంకటస్వామి నాయుడు గారు వయొలిన్ సోలో కచేరీలకి గౌరవం తెచ్చిన మనిషి, విజయనగరం సంగీత కళాశాలకి ప్రిన్సిపాల్. ఆయన పెద్ద గాయకులకి పక్కవాద్యం కూడా వాయించారు. దానివల్ల ఆయన తగ్గారని ఎవరూ అనుకోలేదు. పక్కన కూర్చున్నంత మాత్రాన చిన్నవాడు అయిపోతాడా?

ఆరుతీగలు:

తంబుర గారూ, పోలిక పూర్తిగా కుదరదు. కచేరీలో వయొలిన్ విద్వాంసుడికి రాగంలో తన వంతు ఉంటుంది, కల్పనస్వరాలకి జవాబు ఉంటుంది, ఆహ్వాన పత్రికలో పేరు ఉంటుంది. రాక్ టూర్‌లో జీతానికి వాయించే గిటారిస్టు ఎక్కువసార్లు రికార్డులో ఉన్నది ఉన్నట్టు వాయించాలి. అయితే మీరు అడిగింది మంచి ప్రశ్న. పక్కన ఉంటూనే తన వంతు దక్కే పద్ధతి ఒకటి కీన్‌కి దొరికింది, దాని ఊసు ఇక్కడ ఇంకా రాలేదు.

2006లో కీన్ బ్రదర్స్ పేరుతో 'బ్లూస్ అండ్ బూగీ షూస్' అనే ఆల్బమ్ వచ్చింది. సంగీతం అంతా టామీ కీన్‌ది. సాహిత్యం, గొంతు పొలార్డ్‌వి. గైడెడ్ బై వాయిసెస్ పాటలు విన్నవాళ్లకి తెలుసు, పొలార్డ్ ట్యూన్లు తరచూ నిమిషంన్నరకి తెగిపోతాయి. ఇక్కడ కీన్ కట్టిన తీగల వరుస అతన్ని పూర్తి పాట పాడేలా చేసింది. కీన్‌కి కూడా ఇందులో లాభం ఉంది. అతని సొంత ఆల్బమ్‌ల మీద వచ్చే పాత ఫిర్యాదు ఒకటుంది: గొంతు ఒకే స్థాయిలో, ఒకే దిగులులో ఉంటుందని. నాకు ఆ దిగులు ఇష్టం, కానీ ఫిర్యాదులో కొంత నిజం ఉంది. అదే చేతి గిటార్ మీద వేరే గొంతు వచ్చేసరికి అతని సంగీతం ఎంత గట్టిదో విడిగా వినిపించింది. పొలార్డ్ టూర్ బ్యాండ్‌లో లేకపోతే ఈ ఆల్బమ్ పుట్టేదా అని నాకు అనుమానమే.

నా దృష్టిలో అసలు చేటు చేసింది 1986 రికార్డింగ్. మోంట్‌సెరాట్ ఆల్బమ్ పాటలు గొప్పవి, కానీ శబ్దం మరీ నునుపు. 1984 ఈపీలో గిటార్ చెవి పక్కనే మోగుతున్నట్టు ఉంటుంది. ఆ కరుకుతనంతో పెద్ద కంపెనీ నుంచి ఒక ఆల్బమ్ వచ్చి ఉంటే ఈ చర్చే ఉండేది కాదు.

మేరీలాండ్ తెలుగు:

ఆరుతీగలు గారు చెప్పినదానికి ఒకటి జోడిస్తాను. కీన్ వినడంలో ఆగిపోని మనిషి. 1984 ఈపీలోనే బిగ్ స్టార్ గాయకుడు అలెక్స్ చిల్టన్ పాట పాడాడు. 1986లో లూ రీడ్ పాట, 1998లో మిషన్ ఆఫ్ బర్మా పాట. 2013లో ఆల్బమ్ మొత్తం ఇతరుల పాటలే, అందులో గైడెడ్ బై వాయిసెస్ పాట కూడా ఉంది. ఇతరుల పాటల్లోకి వెళ్లి రావడం అతనికి శిక్ష కాదు, అతని సంగీతం ఊపిరి తీసుకునే పద్ధతే అది.

పోల్చాలంటే పీటర్ హోల్సాపుల్‌తో పోల్చండి. ది డీబీస్ బ్యాండ్‌లో పాటలు రాసినవాడు. ఆర్.ఇ.ఎమ్. తో టూర్ చేశాడు, 'లూజింగ్ మై రెలిజియన్'లో అకౌస్టిక్ గిటార్ వాయించాడు, తర్వాత హూటీ అండ్ ది బ్లోఫిష్ పక్కన చాలా ఏళ్లు ఉన్నాడు. అతని సొంత ఆల్బమ్‌ల మధ్య ఖాళీలు చాలా పెద్దవి. నల్లడిస్క్ గారి వాదన హోల్సాపుల్‌కి సరిపోవచ్చు. కీన్‌కి సరిపోదు.

నల్లడిస్క్:

ఇతరుల పాట తన ఆల్బమ్‌లో పాడుకోవడం వేరు, జీతానికి వాయించడం వేరు. మొదటిదానిలో పోస్టర్ మీద పేరు అతనిదే. కీన్ బ్రదర్స్ కూడా నేను అడిగేదానికే సాక్ష్యం. అక్కడ సంగీతం అతనిది కాబట్టే అది నిలబడింది. అలాంటి పని ఇంకో నాలుగు చేసి, టూర్లు తగ్గించుకుని ఉంటే నాకు ఏ పేచీ లేదు.

లెక్కల మాస్టారు:

టూర్లు తగ్గించుకుంటే అద్దె ఎవరు కడతారన్న దగ్గరికే మళ్లీ వస్తాం.

2017 సంగతి కూడా చూడండి. పోవడానికి కొద్ది నెలల ముందు పవర్ పాప్ గాయకుడు మాథ్యూ స్వీట్ టూర్‌లో ఉన్నాడు. పోస్టర్ మీద పెద్ద పేరు స్వీట్‌ది. కానీ కీన్ చేసిన పని ప్రతి రాత్రి ముందుగా స్టేజి మీదికి ఒక్కడే గిటార్‌తో వచ్చి తన సొంత పాటలు పాడటం. ఇంకొకరి టికెట్ కొన్న జనం, అతని పాటలు విన్నారు. సొంతంగా హాలు బుక్ చేసుకుంటే రానివాళ్లు అందులో ఎంతమందో. పెద్ద కంపెనీ వదిలేసిన ఇరవై ఎనిమిదేళ్ల తర్వాత కూడా తన పాటల్ని కొత్త చెవుల దగ్గరికి తీసుకెళ్లగలిగాడంటే, ఇన్నేళ్లు సాటి సంగీతకారుల మధ్య నిలబెట్టుకున్న స్నేహాల వల్లే. ఈ స్నేహాలు లేకుండా అతని 2017 ఎలా ఉండేదో నల్లడిస్క్ గారు చెప్పాలి.

ఆరుతీగలు:

కీన్‌ని ఇప్పుడే వినబోయేవాళ్లకి ఒక మాట. 2010లో వచ్చిన రెండు డిస్కుల సంకలనం ఉంది, 1983 నుంచి 2009 దాకా పాటలు వరుసగా ఉంటాయి. రెండో డిస్కు, అంటే ఇక్కడ గొడవ పడుతున్న ఏళ్ల పాటలు, ముందు వినండి. ఆ తర్వాత మొదటి డిస్కు. రెండో దానిలో గిటార్ పని బలపడిందా, పాట పల్చబడిందా అనేది చెవులతో విని రాయండి. నాకైతే బలపడినట్టే వినిపిస్తుంది.