రేషన్ షాపు సస్పెండ్ చేసేముందు డీలర్ మాట వినాలా?

ప్రశ్న (పార్శీగుట్ట నుంచి):

నమస్కారం అండి. నాన్న పోయినప్పటి నుంచి మా రేషన్ షాపు అమ్మే నడుపుతోంది, 11 ఏళ్లయింది. పోయిన మంగళవారం తనిఖీకి వచ్చారు. 96 బస్తాలుంటే నాలుగే తూచారు. ఒక్కోటి కిలోన్నర దాకా తగ్గింది. అదే లెక్క 96కీ వేసి, క్వింటా 40 కిలోల బియ్యం తక్కువని పంచనామా రాశారు. "అన్నీ తూయండి సార్, గోడౌన్ నుంచే తక్కువొచ్చాయి" అని అమ్మ మొత్తుకుంటూనే ఉంది. సంతకం పెట్టమంటే పెట్టేసింది. నకలు ఇవ్వలేదు. మూడోరోజుకి సస్పెన్షన్ ఆర్డర్ వచ్చింది, మా కార్డులన్నీ పక్క షాపుకి అప్పగించారు. "దొంగనని రాశారు కదే" అంటూ అమ్మ అన్నం సరిగ్గా తినట్లేదు. ఒక్క మాట అడక్కుండా ఇలా చేయొచ్చా?

జవాబు (మౌలాలి డీలర్):

చెల్లీ, నాకూ ఇలాగే అయింది. నేను చేసిన తప్పు మీరు చేయొద్దు. నోటీసు రాగానే "పొరపాటైంది, క్షమించండి అని రాసివ్వండి, ఫైన్‌తో పోతుంది" అన్నారు. భయపడి రాసిచ్చా. చివరి ఆర్డర్‌లో ఆ కాగితాన్నే నేను నేరం ఒప్పుకున్నట్టు చూపించారు. ఎంత టెన్షన్ ఉన్నా ఒప్పుకోలు మాట ఒక్కటీ రాయకండి.

జవాబు (హైకోర్టులో ప్రాక్టీస్ చేసే లాయర్):

అమ్మా, ముందు ఆర్డర్‌లో "విచారణ పూర్తయ్యేవరకు" అన్న మాట ఉందో లేదో చూడండి. ఉంటే అది తాత్కాలికం. అలాంటి ఆర్డర్‌కి ముందే వినలేదన్న ఒక్క కారణం చాలకపోవచ్చు. లిబర్టీ ఆయిల్ మిల్స్ కేసులో 1984లో సుప్రీంకోర్టు చెప్పింది కూడా అదే: అత్యవసరమైతే వినకుండా మధ్యంతర ఉత్తర్వు ఇవ్వొచ్చు, కానీ ఆ తర్వాతైనా చెప్పుకునే అవకాశం ఇచ్చి తీరాలి. ఆ అవకాశాన్ని మీరే రాతపూర్వకంగా అడగండి, రసీదు తీసుకోండి.

షోకాజ్ నోటీసు వస్తే దాని భాష గమనించండి. మీ వివరణ రాకముందే "నేరం రుజువైంది" అని రాస్తే అది నోటీసు కాదు, తీర్పు. ఓరిక్స్ ఫిషరీస్ కేసులో 2010లో సుప్రీంకోర్టు అలాంటి నోటీసును తప్పుబట్టింది. బియ్యం సీజ్ చేసి నిత్యావసర వస్తువుల చట్టం 6ఏ కింద జప్తు కేసు పెట్టినా, అదే చట్టం 6బీ ప్రకారం జప్తుకి ముందు కారణాలు రాసి నోటీసివ్వాలి, మీ మాట వినాలి.

నన్నడిగితే మీకు అసలు బలం ఆ నాలుగు బస్తాల దగ్గరే ఉంది. 92 బస్తాలు కాటా ఎక్కనే లేదు. పంచనామా నకలు, ఆ కాటాకి తూనికల శాఖ ముద్ర ఉందా లేదా, గోనె సంచి బరువు ఎలా తీసేశారు, ఇవన్నీ అడగండి. సంచే అర కిలో పైన తూగుతుంది. కానీ గోడౌన్ నుంచే తక్కువొచ్చిందని నోటితో అంటే నిలవదు, సరుకు దిగిన రోజు రాసిన కాగితం ఏదైనా కావాలి. డీలర్‌షిప్ రద్దు చేస్తే మాత్రం ఆగకండి. రేషన్ పంపిణీపై కేంద్రం ఇచ్చిన 2015 కంట్రోల్ ఆర్డర్‌లో అప్పీలుకి గడువు 30 రోజులు.

మళ్లీ పార్శీగుట్ట నుంచి:

సార్, మీరు చెప్పాక అమ్మనడిగా. బియ్యం డబ్బా వెనక నుంచి ఒక నోట్‌బుక్ తీసిచ్చింది. లారీ వచ్చిన ప్రతిసారీ కొన్ని బస్తాలు తూచి పెన్సిల్‌తో రాసుకుందట. ఈ నెల లోడు పేజీలో 48.6, 48.4, 48.7 అని ఉన్నాయి, పక్కన హమాలీ వేలిముద్ర. అంకెలు మాసిపోతున్నాయి. పైన పెన్నుతో దిద్దమంటారా?

లాయర్:

ఒక్క గీత కూడా పెట్టకండి. ముందు రెండు పక్కలా ఫొటోలు తీయండి. సోమవారం అప్లికేషన్‌తో జిరాక్సే ఇవ్వండి, అసలు బుక్కు మీ దగ్గరే ఉంచుకోండి.