‘సంత్ తుకారాం’లో కదలని కెమెరా: ఎవరి నిర్ణయం?

ప్రాణహిత ఒడ్డు (సిరొంచ):
ఆషాఢ ఏకాదశినాడు మా ఊరి గుడి ముందు తెల్లబట్ట కట్టి, ప్రభాత్ ఫిల్మ్ కంపెనీ వారి 1936 నాటి మరాఠీ చిత్రం ‘సంత్ తుకారాం’ వేశారు. తిరిగి వస్తూ తెలుగువాళ్లం నలుగురం దారి పొడవునా అందులో కెమెరా అంతగా కదలకపోవడం ఎవరి నిర్ణయమని వాదించుకున్నాం కనుక ఆ ప్రశ్నను ఇక్కడ పెడుతున్నాను. దర్శకులు దామ్లే, ఫత్తేలాల్, తుకారాంగా నటించిన విష్ణుపంత్ పాగ్నిస్ అందరికీ గుర్తే, ఛాయాగ్రాహకుడు వి. అవధూత్ పేరు మాత్రం ఎవరి నోటా రాదు. ఆ చిత్రపు నిరాడంబరతలో సగం ఆయనదేనని నా వాదన. బిడ్డకు జబ్బు చేస్తే, ఉక్రోషం పట్టలేని తుకారాం భార్య జిజాయి చెప్పు చేతబట్టి విఠోబా మీదికి వెళుతుంది. అక్కడ నవ్వాలో జడుసుకోవాలో కెమెరా మనకు చెప్పదు, పక్కింటివాడిలా చూస్తూ ఉంటుంది.

ధర్మాబాద్ మిర్చి:
ఒప్పుకోను. తొలి శబ్దచిత్రాల కాలంలో కెమెరా చప్పుడు మైకులో పడకుండా దాన్ని గదిలోనో మందపాటి తొడుగులోనో బంధించేవారు. గుయ్యిమనే ఆర్క్ దీపాలూ బెడదే. పైగా దర్శకుల్లో దామ్లే శబ్దగ్రహణం తెలిసినవాడు, ఆయన దృష్టి ముందు మాట మీదా పాట మీదా ఉంటుంది. గతిలేక నిలబడిన కెమెరాను కళ అనడం, చేతగానితనానికి వైరాగ్యమని పేరు పెట్టడమే.

ప్రాణహిత ఒడ్డు:
గతిలేక అన్నమాట ప్రభాత్‌కు వర్తించదండీ. అదే సంస్థ రెండేళ్ల ముందు, 1934లో, ‘అమృత మంథన్’ తీసింది. అందులో ఛాయాగ్రాహకుడు కేశవరావ్ ధైబర్, దూరపు వస్తువును దగ్గరగా చూపే టెలిఫొటో లెన్సుతో ఆనాటి హిందీ నటుడు చంద్రమోహన్ కంటిని తెర నిండా పట్టాడు. ఆ విద్య తెలిసిన స్టూడియో తుకారాం దగ్గరకు వచ్చేసరికి దాన్ని పక్కన పెట్టిందంటే, కావాలనే పెట్టింది.

పాత ఆపరేటర్, నాందేడ్:
కావాలనే పెట్టింది, సరే. అయితే ఎవరు? ధైబర్ 1929లో కొల్హాపూర్‌లో ప్రభాత్‌ను నెలకొల్పిన భాగస్వాముల్లో ఒకడు, తన మాట నెగ్గించుకోగలడు. అవధూత్‌కు ఆ హోదా లేదు. ఫత్తేలాల్ స్వయంగా చిత్రకారుడు, కళాదర్శకుడు కూడా. చట్రం ఎక్కడ పెట్టాలో ఆయనే చెప్పి ఉండవచ్చునన్న అనుమానం నాకుంది. అందువల్ల ఛాయాగ్రాహకుడి వాటాను కదలికలో కాక వెలుగులో వెతకాలంటాను, కాని అక్కడే చిక్కు. టూరింగ్ టాకీసులో రీళ్లు తిప్పినవాడిగా చెబుతున్నాను: నకలు నుంచి నకలు తీసే కొద్దీ నలుపూ తెలుపూ మొండిగా విడిపోయి, మధ్యనున్న బూడిదరంగు ఛాయలు ఎగిరిపోతాయి. పాగ్నిస్ ముఖం మీది ఆ ప్రశాంతమైన వెలుగు అవధూత్ కోరినంతే ఉందో, నకళ్ల చేతిలో పడి మొహం తెల్లబారిందో సెల్‌ఫోన్లో చూసి తేల్చలేం.

ధర్మాబాద్ మిర్చి:
ఈ మాటకు తలవంచుతాను. అయినా చివర గరుడవాహనం మీద తుకారాం వైకుంఠానికి వెళ్లే ఘట్టంలో ఆకాశంలోని వైభవం నాకు నాటకం తెరలాగే తోచింది; కింద నేల మీద మిగిలిపోయిన జిజాయే నిజమనిపించింది. ఆ తేడా కెమెరాదా, ఆమె పాత్ర వేసిన గౌరిదా? నేనైతే గౌరికే ఇస్తాను.

ప్రాణహిత ఒడ్డు:
గౌరికి ఇవ్వండి, కాదనను. ఆమెను అంత దగ్గరి మనిషిలా నిలబెట్టిన వాడి పేరు కూడా పక్కన రాయమనే అడుగుతున్నాను. మా ఊళ్లో ఆ రోజు జనం చాపలు పరుచుకుని సర్దుకునేసరికే తెర మీది పేర్లన్నీ వెళ్లిపోయాయి.