నటుడిగా ర్యూయిచి సకమోతో: ఒక సందేహం తీర్చగలరా?

అందరికీ నమస్కారం. 2023 మార్చిలో కన్నుమూసిన జపాన్ సంగీత దర్శకుడు ర్యూయిచి సకమోతో గురించి వ్యాసం రాస్తూ ఒక సందేహం దగ్గర ఆగిపోయాను. దర్శకుడు నగీసా ఓషిమా తన 1983 నాటి చిత్రం ‘మెర్రీ క్రిస్మస్, మిస్టర్ లారెన్స్’లో కెప్టెన్ యోనోయి పాత్రకు పిలిచినప్పుడు, సంగీతం కూడా తనకే అప్పగిస్తే నటిస్తానని ఆయన షరతు పెట్టారు, అంతకుముందు ఎల్లో మ్యాజిక్ ఆర్కెస్ట్రా బృందంతో పేరుపొందిన ఆయన సినిమా సంగీతంలోకి అడుగుపెట్టింది అలాగే. 1987లో ‘ది లాస్ట్ ఎంపరర్’లో అమకాసు పాత్ర వేయడమే కాక, ఆ చిత్ర సంగీతానికి డేవిడ్ బర్న్, కాంగ్ సూలతో కలిసి ఆస్కార్ అందుకున్నారు. ఆ తరువాత ‘లిటిల్ బుద్ధ’, ‘ది రెవెనెంట్’ వంటి చిత్రాలకు సంగీతం కూర్చినా, తెరపై మాత్రం అరుదుగానే కనిపించారు. (నటనలో ఆయనది కొంత బిగుసుకుపోయిన తీరు అని నా అభిప్రాయం, యోనోయికి అదే కలిసివచ్చింది.)

తాను నటించిన సన్నివేశాలకు తానే సంగీతం కూర్చేటప్పుడు, తన ముఖాన్ని తెరపై చూసుకుంటూ పనిచేయడం ఆయనకు ఇబ్బందిగా ఉండేదా, లేక పాత్ర లోపలి భావం ముందే తెలిసి ఉండటం తోడ్పడేదా? ఈ విషయంపై ఆయన స్వయంగా మాట్లాడిన ముఖాముఖిలు, ముఖ్యంగా జపనీస్ నుంచి అనువాదమైనవి, ఎవరైనా చదివి ఉంటే దయచేసి వాటి వివరాలు తెలియజేయగలరు.