నైరూప్యమా, నీరూపమా?

అరసున్న: జపాన్ యానిమేషన్ చిత్రాల దర్శకుడు నొబుహిరో ఐహరా (1944–2011) గురించి చిన్న పరిచయం రాస్తున్నాను. బతుకుతెరువు కోసం యానిమేషన్ స్టూడియోలలో ఇతరుల కథలకు బొమ్మలు గీస్తూ, సొంత చిత్రాలు విడిగా తీసుకున్నవాడు. 1977 నాటి ఒక చిత్రానికి ‘కర్మ’ అని మన మాటే పెట్టుకున్నాడు. అతని చిత్రాల్లో ఒక ఆకారం కుదురుకునేలోపే మరొకటిగా మారిపోతుంది. ఆబ్‌స్ట్రాక్ట్ అనే అర్థంలో వాటిని ‘నైరూప్య చిత్రాలు’ అనవచ్చా? చూస్తున్నంతసేపూ పోతన గజేంద్రమోక్షం పద్యం సగమే గుర్తొచ్చి వేధించింది. ‘పెంజీకటి కవ్వల నెవ్వం...’ తరువాత ‘డేకాంతమున’ అనా?

శకటరేఫ: ‘డేకాకృతి వెలుఁగు’. ‘ఏకాంతమున’ అంటే ఒక మాత్ర పెరుగుతుంది, కందం ఒప్పుకోదు. ఇక నైరూప్యం. నిర్ + రూపం అన్నప్పుడు మొదటి రేఫ లోపించి ముందున్న ఇకారం దీర్ఘమవుతుంది. నీరసం, నీరవం చూడండి. కాబట్టి చిత్రం నీరూపం, దాని గుణం నైరూప్యం. గుణం పేరును విశేషణం చేయడం నాకు ఎన్నడూ నచ్చలేదు.

పలకాబలపం: శకటరేఫ గారూ, మరి ‘వైరాగ్య శతకం’ మాటేమిటి? సమాసంలో చెల్లుతుంది. నా అభ్యంతరం ‘ప్య’ మీద కాదు, ‘లేదు’ అనే అర్థం మీద. ఆబ్‌స్ట్రాక్ట్‌కు జపాన్ వారి మాట ‘చూషో’లో రెండు అక్షరాలున్నాయి. మొదటిదానికి బయటికి లాగడమని అర్థం, రెండోదానికి ఆకృతి అని. రూపాన్ని వెలికితీయడం వేరు, రూపం లేకపోవడం వేరు. పైగా ఆ రెండో అక్షరానికి ఏనుగు అనే అర్థం కూడా ఉంది. అరసున్న గారికి గజేంద్రుడి పద్యమే గుర్తొచ్చిందంటే నాకు ఒళ్లు పులకరించింది.

శకటరేఫ: ఏనుగు సంగతి తెలియదు, సంతోషం. అయినా ‘అమూర్తం’ ఉండగా ఈ తంటా ఎందుకు?

వెన్నెలకంటె: అమూర్తమంటే ముట్టుకోవడానికి లేనిది. ఐహరా 1975లో తీసిన ‘స్టోన్’ ఆరుబయట తీసిన చిత్రం. రాయిని పట్టుకుని అమూర్తమంటే ఎలా? పోతన పద్యంలో అసలు బరువు ‘అలోకంబగు పెంజీకటి’లోని ‘అలోకంబగు’ దగ్గరుంది. లోకం కానిదనా, కంటికి ఆననిదనా? లోక ధాతువుకు చూడటమనే అర్థం.

శకటరేఫ: లోకంబులు, లోకేశులు, లోకస్థులు అని వరసగా చెప్పి, అవన్నీ తెగిన తుది అన్నాడు. లోకం లేనిదనే అర్థమే నిలుస్తుంది.

వెన్నెలకంటె: చీకటికి విశేషణం కదండీ! చూపు ఆనని చీకటి. ఆ వెంటనే ‘వెలుఁగు’ అన్నాడు. ఆ ఎదురుబొదురు పెట్టడంలోనే పోతన ఉన్నాడు.

పలకాబలపం: ఆ చీకటికి అవతల కూడా ‘ఆకృతి’ అనే అన్నాడు, గమనించారా? రూపం లేదనలేదు. నా వాదనకు పోతనే సాక్షి.

శకటరేఫ: ‘ఏక’ అన్నాడు. సాటి లేనిదని. రూపాలు లెక్కపెట్టడానికి కాదు.

అరసున్న: అందరికీ ధన్యవాదాలు. మరి శీర్షికలో ఏ మాట పెట్టమంటారు?

వెన్నెలకంటె: చెబుతాను. ముందు ‘కవ్వల’ సంగతి తేల్చుకుందాం. చీకటికి + అవ్వల అని విడదీస్తే...