పాత పంటల జాతర మీద డాక్యుమెంటరీ: సంక్రాంతికి వెళ్తే సరిపోతుందా?

ప్రశ్న:
జహీరాబాద్ దగ్గర డీడీఎస్ (డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ) సంఘాల మహిళలు పాత పంటల విత్తనాలను ఎడ్లబండ్ల మీద ఊరూరా తిప్పుతూ సంక్రాంతికి మొదలుపెట్టే పాత పంటల జాతర మీద ఇరవై నిమిషాల డాక్యుమెంటరీ తీద్దామనుకుంటున్నాం. ఉన్నది ఇద్దరం. ఒక కెమెరా, రెండు కాలర్ మైకులు, ఓ డ్రోన్. సెలవు నాలుగు రోజులే దొరుకుతుంది. విత్తనం, తిండి రైతు చేతిలోనే ఉండాలన్నది మా పాయింటు. జాతర తీస్తే చాలా? అనుమతులేమైనా కావాలా?

జవాబు (ఎడిటింగ్ చేసే ఒకరు):
తీస్తే జాతర వీడియో వస్తుంది. అలంకరించిన ఎడ్లబండ్లు, బుట్టల్లో విత్తనాలు, డప్పు, పాటలు, అన్నీ కంటికి బాగుంటాయి. మీ పాయింటు మాత్రం అందులో దొరకదు. అప్పటికి పచ్చజొన్న, కొర్ర, సామ కోతలు అయిపోయుంటాయి. చేలో కంది, శనగ, తెల్లజొన్న లాంటివే మిగులుతాయి.

ఆ నాలుగు రోజుల్నీ ఒక్కచోట ఖర్చుపెట్టకండి. మృగశిర కార్తెలో రెండు, కోతలకు ఒకటి, జాతరకు ఒకటి. మూడుసార్లూ తీసే చేను ఒకటే, ఆ చేను చేసే అక్క ఒకరే. బూడిద, వేపాకు కలిపి దాచిన విత్తనం బుట్టలోంచి తీయడం, ఎంచడం, రకరకాల గింజలు కలిపి ఒకే చేలో విత్తడం, మళ్లీ అదే చేను కోతకు రావడం. ఇవి ఉంటే వాయిస్ ఓవర్ సగం ఎగిరిపోతుంది. వాన పడ్డాకే విత్తుతారు కాబట్టి జూన్ టికెట్లు ముందే కొనకండి, ఊళ్లోకి ఫోన్ చేసి కదలండి.

జవాబు (జహీరాబాద్ వాసి):
ముందు సంఘంతో మాట్లాడండి. అక్కడి ఆడవాళ్లకు కెమెరా కొత్తేం కాదు. జన్యుమార్పిడి చేసిన బీటీ పత్తితో వరంగల్ రైతులు నష్టపోతే ఊళ్లు తిరిగి సినిమా తీసింది ఈ దళిత మహిళా రైతులే. మాచ్‌నూర్‌లో సంఘం రేడియో 2008లో మొదలైంది. పైనుంచి కిందికి చూసే షాట్‌ని వాళ్లు పటేల్ (భూస్వామి) షాట్ అంటారు, కంటికి కన్ను సమంగా ఉంటే సంఘం షాట్. మీ ట్రైపాడ్ ఎత్తు చూసే మీరెవరో పోల్చుకుంటారు. రఫ్ కట్ (తొలి ఎడిట్) కూడా ముందు వాళ్లకే చూపించండి.

జవాబు (సౌండ్ పని చేసేవారు):
2021 డ్రోన్ రూల్స్ ప్రకారం 250 గ్రాములు దాటని నానో డ్రోన్‌కి పైలట్ సర్టిఫికెట్ అక్కర్లేదు. అయినా ఎక్కడ ఎగరేయొచ్చో చూపే ప్రభుత్వ డిజిటల్ స్కై మ్యాపు చూడండి, పక్కనే బీదర్‌లో వైమానిక దళ కేంద్రముంది. నన్నడిగితే డ్రోన్ ఇంట్లోనే వదిలేయండి. ఆ రొదకు ఎడ్లు బెదురుతాయి, మీ సౌండూ పోతుంది. యూట్యూబ్‌లో పెట్టడానికైతే సెన్సార్ అక్కర్లేదు, థియేటర్‌లోనో మరోచోటో బహిరంగంగా ప్రదర్శిస్తేనే సర్టిఫికెట్.

కాలర్ మైకుకి కొంగు రాసుకుంటుంది, టేపు అంటించాకే రికార్డింగ్ మొదలుపెట్టండి. బయట గాలికి బొచ్చు కవర్ తప్పదు. ఎడ్ల గంటలు, విసుర్రాయి చప్పుడు విడిగా పట్టుకోండి.

అడిగినవారు:
డ్రోన్ మానేశాం. ఇంకో సందేహం. రైతు తన విత్తనం అమ్మితే తప్పని మా స్క్రిప్టులో ఓ లైనుంది. నిజమేనా?

జవాబు (ఎడిటింగ్ చేసే ఒకరు):
తీసేయండి. 2001 నాటి మొక్కల రకాల, రైతు హక్కుల చట్టం 39వ సెక్షన్ ప్రకారం, రిజిస్టరైన రకమైనా సరే, రైతు దాచుకోవచ్చు, మళ్లీ విత్తుకోవచ్చు, ఇచ్చిపుచ్చుకోవచ్చు, అమ్మొచ్చు. ఆ రిజిస్టరైన రకాన్ని దాని పేరు వేసి ప్యాక్ చేసిన బ్రాండ్ విత్తనంగా మాత్రం అమ్మకూడదు.

అడిగినవారు:
ధన్యవాదాలండీ. బొచ్చు కవర్ హైదరాబాద్‌లో ఎక్కడ దొరుకుతుంది?

జవాబు (సౌండ్ పని చేసేవారు):
కోఠి గుజరాతీ గల్లీలో అడగండి. మైకు వెంట తీసుకెళ్లండి, సైజు కుదరాలి.