పుణ్యవనాళిఁ ద్రిమ్మరితిరా, గ్రుమ్మరితిరా?

టోక్యో నుంచి:

పెద్దలకు నమస్కారం. అల్లసాని పెద్దన మనుచరిత్రలో ప్రవరుడు సిద్ధుణ్ణి వరుసగా ప్రశ్నలడిగే పద్యంలో ఒక్క అక్షరం పది రోజులుగా నన్ను నిలవనీయడం లేదు. మూడో పాదంలో ఉన్నది "ద్రిమ్మరితి" అనా, "గ్రుమ్మరితి" అనా? త్రిమ్మరు, క్రుమ్మరు అనే రెండు క్రియలకూ తిరుగాడడమనే అర్థం. నాకు వచ్చినది మొదటిది. మా నాన్నగారి నోట విన్నది రెండోది. ఆయనకు 78 ఏళ్లు. పద్యం చదివేటప్పుడు తడుముకోవడం గానీ, మాట మార్చడం గానీ నేనెన్నడూ ఎరుగను.

సందర్భం చెబితే గానీ నా తొందర మీకు అర్థం కాదు. నవంబరు మొదట్లో ఆయనకు యనక చూపించాను. 1923 నాటి భూకంపాన్నీ, 1945 నాటి బాంబుదాడులనూ చాలావరకు తప్పించుకొని మిగిలిన పాత పేట అది. డెబ్బై దాకా బౌద్ధాలయాలు, గుమ్మాల ముందు పూలకుండీలు, ఇద్దరు ఎదురైతే ఒకరు ఒదిగి నిలబడవలసిన సందులు ఉంటాయి. టోక్యో చూడవచ్చినవారిలో ఎక్కువమంది ఇటు రారు. నిప్పోరి స్టేషను పడమటి వైపు దిగి కాస్త నడిస్తే యుయాకే దందన్ అనే 36 మెట్లు వస్తాయి. సంజకెంపు మెట్లు అని ఆ పేరును మనం చెప్పుకోవచ్చు. పై మెట్టు మీద నిలబడితే కింద 170 మీటర్ల అంగడివీధి, దాని మీదుగా పడమటి ఆకాశం కనబడతాయి. నాలుగున్నర దాటి పొద్దు గుంకుతుండగా ఆయన చేతికర్రను కమ్మీకి ఆనించి, తనలో తాను మాట్లాడుకుంటున్నట్టుగా ఈ పద్యం అందుకున్నారు. నాకు తెలిసిన పాఠం ఇది:

ఏయే దేశములన్ జరించితిరి? మీ రేయే గిరుల్ చూచినా
రేయే తీర్థములందుఁ గ్రుంకిడితి? రేయే ద్వీపముల్ మెట్టినా
రేయే పుణ్యవనాళిఁ ద్రిమ్మరితి? రేయే తోయధుల్ డాసినా
రాయా చోటులఁ గల్గు వింతలు మహాత్మా! నా కెఱింగింపవే!

మూడో పాదంలో ఆయన "గ్రుమ్మరితి" అన్నారు. కొంతసేపటికి యనకలోనే మూడు దారులు కలిసేచోట ఉన్న హిమాలయ దేవదారు కింద మళ్లీ చదివారు, అప్పుడూ అదే మాట. డిసెంబరులో ఇక్కడి తెలుగువాళ్లం కొందరం అదే దారిలో సాయంత్రపు నడకకు వెళ్తున్నాం. అందరికీ ఇచ్చే కాగితం మీద ఈ పద్యం అచ్చువేయాలని ఉంది. తప్పు పాఠం వేయడం నాకిష్టం లేదు.

తెనాలి నుంచి:

అమ్మా, మా ఇంట్లో ఉన్న అచ్చుప్రతిలో "ద్రిమ్మరితి" అనే ఉంది. అయితే అచ్చులో ఉన్నంతమాత్రాన తగవు తీరిందని నేననను. ఛందస్సు దీన్ని తీర్చలేదు. శార్దూలంలో అది ఎనిమిదో అక్షరం, జగణం నడిమి గురువు. "ద్రి" అయినా "గ్రు" అయినా వెనుక ద్విత్వ మకారం ఉన్నది కనుక గురువే అవుతుంది. ప్రాస రెండో అక్షరం మీద, యతి పదమూడో అక్షరం మీద పడతాయి కాబట్టి వాటికి దీనితో పని లేదు. వ్యాకరణమూ తీర్చలేదు. ద్రుతం, అంటే ముందు పదం చివరి నకారం, దాని మీద త్రిమ్మరు ద్రిమ్మరవుతుంది, క్రుమ్మరు గ్రుమ్మరవుతుంది. ఇక మిగిలినవి అర్థం, చెవి.

చెవి సంగతి చూడండి. రెండో పాదంలో సరిగ్గా అదే ఎనిమిదో స్థానంలో "గ్రుంకిడితి" ఉంది. గ్రుం-కి-డి-తి, ద్రి-మ్మ-రి-తి అని పలికి చూస్తే గురులఘువుల్లోనూ, ఆ వెంటనే వచ్చే "రేయే"లోనూ రెండూ ఒకే అచ్చులో పోసినట్టు ఉంటాయి. నోటికి వచ్చిన పద్యాన్ని ధారగా చదివేవారికి పై పాదంలోని "గ్రు" కింది పాదంలోకి జారడం సహజం. మీ నాన్నగారి పాఠం అలా వచ్చినదేనని నా అభిప్రాయం.

రాజమహేంద్రవరం నుంచి:

మాస్టారు చూపిన పోలికనే నేను రెండో వైపు నుంచి చూస్తాను. గ్రుంకిడితి కింద గ్రుమ్మరితి వచ్చేలా కవే కూర్చి ఉండవచ్చు కదా? అల్లసానివాని అల్లిక జిగిబిగి అన్నది అటువంటి కూర్పును చూసే. తరువాతి కాలంలో క్రుమ్మరు వాడుక నుంచి తప్పుకోగా, దేశదిమ్మరి అనే మాట వల్ల త్రిమ్మరు మాత్రం చెవికి పరిచయంగా మిగిలింది. ఎత్తిరాసేవాడు తెలియని మాట స్థానంలో తెలిసిన మాట వేస్తాడు గానీ, తెలిసిన మాట తీసి తెలియని మాట వేయడు. ఆ లెక్కన పెద్దాయన నోట నిలిచినదే పాత పాఠం కావచ్చు.

ఇంకొక మాట. క్రుమ్మరు అన్నప్పుడు నాకు కుమ్మరిసారె కళ్లముందు మెదులుతుంది. ఉన్నచోటనే గుండ్రంగా తిరగడం, బయలుదేరిన చోటికే తిరిగి రావడం అందులో ఉన్నాయి. ఊరి పేటల్లో సాయంత్రపు నడకకు ఇంతకంటే తగిన క్రియ లేదు. త్రిమ్మరు నుంచి వచ్చిన రేదిమ్మరికి రాక్షసుడు అని అర్థం. దీపాలు పెట్టేవేళ నడవబోయేవారి కాగితం మీద ఆ మాట అచ్చువేయవద్దని నా మనవి.

తెనాలి నుంచి:

కుమ్మరికీ క్రుమ్మరుకూ చుట్టరికం కలపడాన్ని నేను ఒప్పుకోలేను. కుమ్మరి కుంభకారుడి నుంచి వచ్చినవాడు, అక్కడ రేఫకు చోటు లేదు. రెండు క్రియల్లోనూ ఉన్న "మరు" మాత్రం ఆలోచించదగినది. మరలు, మరలించు అన్నచోట కనబడే మళ్లడమే అక్కడా ఉన్నదని నాకు చాలాకాలంగా ఒక ఊహ. అదే నిజమైతే వెనక్కి మళ్లి రావడం క్రుమ్మరుకు ఎంత ఉందో త్రిమ్మరుకూ అంతే ఉంది. పైగా "త్రి"లో తిరుగు వినబడుతుంది. రేదిమ్మరిలో దోషం "రే"ది గానీ "దిమ్మరి"ది కాదు.

హనుమకొండ నుంచి:

మీరిద్దరూ ఎనిమిదో అక్షరం దగ్గరే ఆగిపోయారు. ఈ పద్యంలో నాకు ప్రాణమనిపించేది వేరే ఉంది. ఆరు ప్రశ్నలకు ఆరు క్రియలు వేశాడు పెద్దన. దేశాలలో చరించారు, గిరులు చూచారు, తీర్థాలలో క్రుంకిడారు, ద్వీపాలు మెట్టారు, వనాలలో త్రిమ్మరారు, సముద్రాలను డాశారు. ఏ చోటు మనిషి ఒంటికి ఎలా తగులుతుందో ఆ క్రియ చెబుతుంది. కొండను చూడటానికి దూరంగా నిలబడాలి. తీర్థంలో తల ముంచాలి. ద్వీపం మీద పడవ దిగి కాలు మోపాలి. సముద్రం దగ్గరికి వెళ్లగలమే గానీ లోపలికి నడవలేం. దేశానికి దారి ఉంటుంది కనుక చరించడం సరిపోతుంది. అడవిలో మాత్రం దారి నడిచేవాడి వెనుక ఏర్పడుతుంది, ముందు ఉండదు. అందుకే అక్కడ ఇంకొక మాట కావలసివచ్చింది.

ఇల్లు కదలని గృహస్థు అడుగుతున్న ప్రశ్నలు ఇవి. చూడని చోట్లన్నిటినీ ఆ క్రియల ద్వారా ముందే అడుగు పెట్టి చూస్తున్నాడు. తీరా సిద్ధుడిచ్చిన పాదలేపంతో హిమాలయానికి పోయి, ఆ పసరు మంచునీటికి కరిగిపోయాక అప్సరస వరూధినితో "త్రోవ తప్పితిన్ గ్రొవ్వున" అన్నప్పుడు, త్రిమ్మరడం అంటే ఏమిటో అతనికి నిజంగా తెలిసింది. ఆ పాదం తలుచుకున్న ప్రతిసారీ అతని మీద నాకు జాలి కలుగుతుంది.

కాబట్టి ఆరూ ఆరు వేరు మాటలుగా, వేరు ధ్వనులతో ఉండాలన్నదే కవి ఉద్దేశమైతే, రెండు "గ్రు"లు వేసి ఉండడు. నా ఓటు "ద్రి"కే.

ఒసాకా నుంచి:

జపానీయులకూ నడక మాటల్లో ఇటువంటి తేడాలే ఉన్నాయి కనుక రాస్తున్నాను. ఊరికే నడిచి రావడాన్ని సంపో అంటారు. దాన్ని రాసే రెండు అక్షరాలకు చెదరడం, అడుగు అని అర్థాలు. పూర్వం చైనాలో ఐదు ఖనిజాల పొడిని మందుగా తిన్నవారు ఆ వేడి ఒంట్లో నుంచి చెదరిపోవడానికి నడిచేవారనీ, అందులో నుంచే ఆ మాట వచ్చిందనీ ఒక వ్యుత్పత్తి చెబుతారు. ప్రవరుడి పాదలేపం మాట రాగానే నాకు అదే గుర్తుకు వచ్చింది. పని లేకుండా మెల్లగా నడవడానికి బురబుర అనే ధ్వన్యనుకరణ ఉంది. హైకై అనేది ఒకప్పుడు మర్యాదగల మాటే. క్రమంగా మతిమరుపు వచ్చిన వృద్ధులు ఇల్లు మరిచి తిరగడానికి వాడుకైంది. ఆ మాట వారిని కించపరుస్తుందని కొన్ని పురపాలక సంస్థలు దాన్ని వాడటం మానుకున్నాయి. పెద్దన నాటి త్రిమ్మరు మన కాలానికి దేశదిమ్మరిగా దిగివచ్చినట్టే ఇదీ జరిగింది. నడిచే మాటలకు ఏ భాషలోనైనా ఈ ప్రమాదం ఉన్నట్టుంది. తిరుగుబోతును చూడండి.

టోక్యో నుంచి:

హనుమకొండవారి మాట చదివాక ఆ రోజు నడిచిన దారి నాకు మరోలా కనబడుతోంది. అంగడివీధి దాటి దక్షిణంగా పోతే హెబిమిచి అనే సందు వస్తుంది, పాముదారి అని అర్థం. ఒకప్పుడు అక్కడ ఐజొమె అనే చిన్న నది పారేది. నీలిమందు అద్దకం ఆ పేరులోనే ఉంది. నదిని కప్పివేసి పైన బాట వేశారు. నీరు ఎక్కడ వంపు తిరిగిందో బాట ఇప్పటికీ అక్కడే వంపు తిరుగుతుంది. ఆ వంపుల వెంబడే తైతో, బుంక్యో అనే రెండు పురవిభాగాల సరిహద్దు పోతుంది. పది అడుగులు వేస్తే ముందున్న దారి గోడ వెనక్కి వెళ్లిపోతుంది, ఇంకో పది వేస్తే వెనుకటి దారి కూడా కనబడదు. చీకటి పడుతూ ఉండగా ఒక ఇంటి ముందు నీళ్లు నింపిన ప్లాస్టిక్ తొట్టిలో రెండు తామరాకులు ఎండి గోధుమరంగుకు తిరిగి, వాటి మీద కిటికీ వెలుగు పడుతోంది. నాన్నగారు వంగి ఆ తొట్టిని చాలాసేపు చూశారు. అక్కడ మేము చేసినది చరించడం కాదు. త్రిమ్మరామో, క్రుమ్మరామో, ఈ రెంటిలో ఒకటి.

తెనాలి మాస్టారికి ఒక విన్నపం. ఆయన మొదటిసారి పద్యం అందుకున్నది పొద్దు గుంకేటప్పుడు. క్రుంకిడు, క్రుంకు ఒకే ధాతువు కదా. స్నానానికి మనిషి మునుగుతాడు, సాయంత్రానికి సూర్యుడు మునుగుతాడు. పడమర చూస్తూ చదివినందువల్ల ఆ "గ్రు" ఆయన నోట నిలిచిపోయి ఉండవచ్చునా?

తెనాలి నుంచి:

చక్కని ఊహ, అమ్మా. కానీ దేవదారు కింద చీకట్లో కూడా అదే పాఠం చదివారన్నారు కనుక నిలవదు. ఆయనకది ఆ సాయంత్రం పుట్టిన పాఠం కాదు.

హనుమకొండ నుంచి:

కాగితానికి పైన పేరేమి పెడుతున్నారు? "సందెవేళ సందుల్లో" అంటే బాగుంటుంది. సందు సంధి నుంచి, సందె సంధ్య నుంచి వచ్చాయి. రెండిటి మూలం కలయికే. మా వైపు గల్లీ అంటాం గానీ, మీరు చెప్పిన చోటికి సందు అనే మాటే సరిపోతుంది.

రాజమహేంద్రవరం నుంచి:

సందు అంటే రెండు వైపులా దారి ఉండాలి. పోయి ఆగిపోయేదాన్ని మా వైపు గొంది అంటాం. యనకలో రెండూ ఉంటే రెండూ రాయాలి. అలాగే మొదటి పాదంలో "గిరుల్ చూచినా" అని రాశారు, "గిరుల్ సూచినా" అని నేను చదువుకున్నాను. అచ్చువేసే ముందు దాన్ని కూడా సరిచూడండి.

టోక్యో నుంచి:

రెండూ ఉన్నాయి. గొందులు ఎక్కువగా ఆలయాల గోడల వెంబడి ఉంటాయి. పేరు "సందెవేళ సందుల్లో" అనే ఖాయం చేశాను. డిసెంబరులో నాలుగున్నరకే పొద్దు గుంకుతుంది కనుక మూడున్నరకు నిప్పోరిలో కలుస్తాం.

మీరంతా రాసినది నిన్న రాత్రి నాన్నగారికి చదివి వినిపించాను. ఎనిమిదో అక్షరం గురించి మాస్టారు రాసినది రెండుసార్లు చదివించుకున్నారు. తరువాత "మా ఆరో తరగతి మాస్టారు గ్రుమ్మరితి అనే చెప్పారు, ఆయన పుస్తకం చూసి చెప్పేవారు కాదు" అని మాత్రం అన్నారు. ఏ ప్రతి చూసి చదువుకున్నారో ఆ మాస్టారిని అడిగే వీలు ఇప్పుడు లేదు. నడక రోజు మెట్ల మీద పద్యం చదవడానికి నాన్నగారు ఒప్పుకున్నారు. ఆయన నోట వచ్చినట్టే చదువుతారు. కాగితం మీద ఏది వేయాలో ఇంకా తేల్చుకోలేదు. అచ్చుకు గురువారం దాకా గడువుంది. "చూచినా, సూచినా" సంగతి కూడా ఈలోగా ఎవరైనా ప్రతి చూసి చెప్పండి.