రాడ్ సెర్లింగ్ సెన్సార్‌ని బోల్తా కొట్టించాడా, పక్కకి తప్పుకున్నాడా?

పాతపెట్టె:
అమెరికన్ టీవీ సిరీస్ ‘ట్విలైట్ జోన్’ (1959–64) 156 ఎపిసోడ్లలో 92 దాని సృష్టికర్త రాడ్ సెర్లింగ్ రాసినవే. నాకూ ఇష్టమే. కానీ "గ్రహాంతరవాసుల కథల చాటున సెన్సార్‌ని (అంటే స్పాన్సర్లు, ఛానెళ్లు పెట్టే కత్తెరని) బోల్తా కొట్టించాడు" అని అందరూ అంటుంటే మింగుడుపడదు. నన్నడిగితే ఆయన వెనక్కి తగ్గాడు.

1955 ఆగస్టులో అమెరికా దక్షిణాది రాష్ట్రం మిసిసిపీలో ఎమ్మెట్ టిల్ అనే 14 ఏళ్ల నల్లజాతి కుర్రాణ్ని చంపేశారు. జ్యూరీలో అందరూ తెల్లవాళ్లే, నిందితుల్ని వదిలేశారు. ఆ ఘటన మనసులో పెట్టుకుని సెర్లింగ్ రాసిన టీవీ నాటకం ‘నూన్ ఆన్ డూమ్స్‌డే’ 1956లో ప్రసారమయ్యేసరికి, హతుడు ఎవరో విదేశీయుడైపోయాడు. ఊరు అమెరికా ఈశాన్యాన ఉన్న న్యూ ఇంగ్లండ్‌కి మారింది. దక్షిణాది గుర్తొస్తుందని సెట్లో కోకాకోలా సీసాలు కూడా తీసేశారు! 1958లో ‘ఎ టౌన్ హాజ్ టర్న్‌డ్ టు డస్ట్’తో మళ్లీ ప్రయత్నిస్తే, హతుడు మెక్సికన్ అయ్యాడు, కథ పందొమ్మిదో శతాబ్దంలోకి పోయింది. మరుసటి ఏడాదే ట్విలైట్ జోన్. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకునేవాడు ఒక్కడైనా ఉండాలి కదా. వేరే గ్రహం కథకి ఎవడు తడుముకుంటాడు?

వేపచెట్టు:
సీసాలు తీయించింది సెర్లింగ్ కాదు కదండీ. అప్పట్లో స్పాన్సర్ చెప్పిందే వేదం. 1959లో ‘ప్లేహౌస్ 90’ అనే టీవీ నాటకాల సిరీస్‌లో, నాజీల మీద జరిగిన న్యూరెంబర్గ్ విచారణ మీద నాటకం వేశారు (సెర్లింగ్‌ది కాదు). డబ్బు పెట్టింది గ్యాస్ కంపెనీల సంఘం. అందుకని "గ్యాస్" అన్న చోటల్లా శబ్దం ఆపేశారు. నాజీలు జనాన్ని దేంతో చంపారో వినపడలేదు! అలాంటి చోట మొండికేసి కూర్చుంటే ఒక్క సీన్ కూడా బయటికి రాదు.

ట్విలైట్ జోన్‌లో ‘ది మాన్‌స్టర్స్ ఆర్ డ్యూ ఆన్ మేపుల్ స్ట్రీట్’ ఎపిసోడ్ మళ్లీ చూడండి. వీధిలో కరెంటు పోతుంది, కార్లు కదలవు. ఒకాయన కారు మాత్రం దానంతటదే స్టార్ట్ అవుతుంది. అంతే, నిన్నటిదాకా పలకరించుకున్నవాళ్లు ఆయన్ని దొంగచూపులు చూడ్డం మొదలుపెడతారు. అక్కడ నేనైతే భుజాలు తడుముకున్నాను.

రీలుడబ్బా:
ఇద్దరూ రచయితనే చూస్తున్నారు, నిర్మాతని వదిలేశారు. రోజువారీ ప్రొడక్షన్ బక్ హౌటన్ చూసుకున్నా, ట్విలైట్ జోన్ తీసిన కయూగా ప్రొడక్షన్స్ సెర్లింగ్ సొంత కంపెనీ. ఆ పట్టుతోనే 1960లో ‘ది బిగ్ టాల్ విష్’ ఎపిసోడ్ తీశాడు. ముఖ్య పాత్రలన్నీ నల్లజాతి నటులవే, కథేమో జాతి సమస్య గురించి కాదు, ఓ బాక్సర్ గురించి. ఆ రోజుల టీవీలో అది చిన్న విషయమా? తర్వాత సిరీస్‌లో తన వాటా దాన్ని ప్రసారం చేసిన సీబీఎస్ ఛానెల్‌కి అమ్మేశాడు. ఆయన తర్వాతి సిరీస్ ‘నైట్ గ్యాలరీ’కి వచ్చేసరికి మొహం ఆయనది, అధికారం ఇంకొకరిది. వెనక్కి తగ్గడమంటే నా దృష్టిలో అదీ!

పాతపెట్టె:
బిగ్ టాల్ విష్ సంగతి ఒప్పుకుంటా. కానీ డూమ్స్‌డేలో తప్పంతా స్పాన్సర్ మీదకి తోసేయకండి. స్పాన్సర్ చెయ్యి పెట్టకముందే, సెర్లింగ్ రాసుకున్న కథలోనే హతుడు యూదు ముసలాయన, తాకట్టు వ్యాపారి. నల్లజాతి కుర్రాడు అప్పటికే మాయం. కత్తెర ముందు తన చేతిలోనే ఉందని 1959లో టీవీ జర్నలిస్టు మైక్ వాలెస్ చేసిన ఇంటర్వ్యూలో ఆయనే ఒప్పుకున్నాడు. పాము చావకూడదు, కర్ర విరగకూడదు అన్నట్టు.

వేపచెట్టు:
మరి 1963లో ‘హీ ఈజ్ అలైవ్’ ఎపిసోడ్? నియో నాజీ కుర్రాడికి చీకట్లో నిలబడి పాఠం చెప్పేది సాక్షాత్తూ హిట్లరే.

పాతపెట్టె:
హిట్లర్‌ని తిడితే ఏ సబ్బు కంపెనీ అడ్డొస్తుందండీ!

రీలుడబ్బా:
1964 మార్చిలో వచ్చిన ‘ఐ యామ్ ద నైట్, కలర్ మీ బ్లాక్’ చూశారా? ఒకణ్ని ఉరితీసే రోజు ఆ ఊళ్లో తెల్లవారదు. చీకటి కమ్మిన మిగతా చోట్ల పేర్లు చివర్లో రేడియోలో చదువుతారు. వాటిలో నల్లజాతివాళ్ల హక్కుల పోరాటం జరిగిన, అలబామాలోని బర్మింగ్‌హామ్ ఉంది. పేరు పెట్టి మరీ.

పాతపెట్టె:
అది చూడలేదు, ఇవాళ రాత్రి చూస్తా. కానీ టిల్ పోయి అప్పటికి ఎనిమిదిన్నరేళ్లు, సిరీస్ ముగియడానికి మూడు నెలలు. పేరు పెట్టడానికి ఇంతకాలం పట్టిందా అనే నా ప్రశ్న.